నీలం బరకం మీద మధ్యంతర ఉత్తర్వు

నేను కేసు గెలిచాను. ఒకసారి కాదు, రెండుసార్లు గెలిచాను. ఈ వాక్యాలను ఫిబ్రవరి నెలలో, ఉదయం ఎనిమిది గంటలకు, ఆకాశంలో మబ్బు తునక కూడా లేని వేళ, కొవ్వొత్తి వెలుగులో రాస్తున్నాను. ట్యూబులైటు వేసుకోవచ్చు కదా అని ఎవరైనా అడగవచ్చు. వేసుకోకూడదు. అది ఆరి ఉన్నట్లు కోర్టు రికార్డులో ఉంది. కొవ్వొత్తి సంగతి రికార్డులో లేదు కనుక చట్టం దృష్టిలో కొవ్వొత్తే లేదని, లేని కొవ్వొత్తిని వెలిగించుకోవడానికి ఎవరి అనుమతీ అక్కరలేదని మా ప్లీడరు గారి అభిప్రాయం.

మా ఊరి పేరు చెప్పను. చెప్పకూడదన్న ఉత్తర్వు ఇంతవరకు లేదు కానీ, రాదన్న నమ్మకం కూడా నాకు లేదు. గోదావరి కాలువ ఒకటి మధ్యగా పారే పట్టణం అనుకుంటే చాలు. అందులో ఒక మేడ, మేడ మీద ఒక గది, గదికి తూర్పున ఒక కిటికీ, కిటికీ పక్కన ఒక బల్ల, బల్ల ముందు నేను. పాతికేళ్ళుగా నా జీవిత చరిత్ర ఇంతే.

నన్ను వీధిలో డాక్టరు గారంటారు. నా డాక్టరేటు శాసనాలలో విరామ చిహ్నాలు లేకపోవడం గురించినది. లేని వస్తువు మీద నాలుగు వందల పుటలు రాసిన మొదటి విద్యార్థివని మా ఆచార్యులవారు నన్ను మెచ్చుకున్నారో మరేం చేశారో నాకు ఇప్పటికీ తేలలేదు. జ్వరాలతో, విరేచనాలతో నా తలుపు తట్టేవారు ఏటా కొందరు ఉంటారు. అందుకని తలుపు తీయడం మానేశాను.

ఆ కిటికీ గురించి చెప్పాలి. రాతి మీది అక్షరాలకు తడి కాగితం అదిమి తీసిన పాత శాసన ప్రతులు నా దగ్గర నాలుగున్నాయి. సిరా ఎప్పుడో వెలిసిపోయింది. కాగితం మీద మిగిలినవి చిన్న చిన్న మిట్టలు, పల్లాలు మాత్రమే. దీపం వెలుగులో అవి తెల్ల కాగితాలు. ఉదయపు ఎండ ఏటవాలుగా పడినప్పుడు మాత్రం ఒక్కొక్క మిట్ట పక్కన ఒక్కొక్క నీడ లేస్తుంది, అక్షరం కనబడుతుంది. ఆరున్నర నుంచి తొమ్మిది వరకు, రోజుకు రెండున్నర గంటలు. నేను ఈ లోకాన్ని అడిగింది ఆ రెండున్నర గంటలే.

గత జూన్‌లో ఎదురింటి డాబా అంచున గోడ లేవడం మొదలైంది. మా రెండిళ్ళకూ నడుమ నాలుగడుగుల సందు. ఏడు వరసల ఇటుకలు పడేసరికి నా వెలుగు పదకొండు నిమిషాలు తగ్గింది. గడియారం పెట్టి కొలిచాను. ఏడు వందల ఏళ్ళ కిందట గుడికి గొర్రెలు దానం చేసిన సెట్టిగారి పేరు, ఆయన భార్య పేరు, ఆమె పుట్టింటి ఊరు నేను నిద్రలో లేపి అడిగినా చెప్పగలను. పదకొండేళ్ళుగా సందు అవతల ఉంటున్న మనిషి పేరు మాత్రం నాకు తెలియదు. నాలుగడుగులు నడిచి అడగవలసిన సంగతికి నేను మూడు కిలోమీటర్లు నడిచి కోర్టుకు వెళ్ళాను. ప్రతివాది పేరు మట్టపర్తి వీరవేణి అని, ఆవిడ జాకెట్లు కుడుతుందని ప్లీడరు గుమాస్తా విచారించి చెప్పాడు.

మా ప్లీడరు ఆకొండి విశ్వపతి గారు నా మాట సగం విని తల పంకించారు.

"దావా వేసేద్దాం. దాంతోపాటు మధ్యంతర ఉత్తర్వు పట్టేద్దాం. దావా అంటారా, అది మన తరవాతి తరానికి తేలుతుంది. మనబోటి వాళ్ళకి మధ్యంతరమే శాశ్వతమండీ."

"నాకు పిల్లలు లేరండీ."

"అయితే మరీ మంచిది. తొందర్లేదు."

ఉన్న పరిస్థితి ఏమిటో చూసి రమ్మని కోర్టువారు చెరుకుమిల్లి భానుమూర్తి అనే వకీలును కమిషనరుగా పంపారు. ఆయన పావుగంటలో పని ముగించుకుని వెళ్ళిపోయే సజ్జనుడు. ఆయనను ఆపింది నేను.

"గోడ ఏడు వరసలు, కిటికీ ఒకటి, మధ్యన సందు. రాసేశాను. సంతకం పెట్టెయ్యండి డాక్టరు గారూ, నాకు రెండింటికి ఇంకో ఊళ్ళో చేలగట్టు తగాదా ఉంది."

నేను ఆ కాగితం చదివి నిర్ఘాంతపోయాను. కిటికీకి ఎన్ని ఊచలో లేదు. బల్ల ఏ మూలన ఉందో లేదు. ఇటువంటి వర్ణనను ఒక శాసనానికి రాసి ఉంటే నన్ను విశ్వవిద్యాలయం గేటు దాటనిచ్చేవారు కాదు. "పరిస్థితి అంటే సమస్తమూ కదండీ" అన్నాను. ఆ తరువాత నాలుగున్నర గంటలు నేను చెప్పడం, ఆయన రాయడం. మూడుసార్లు కాఫీ ఇచ్చాను. చేలగట్టు వాళ్ళు రెండుసార్లు ఫోను చేశారు. నివేదిక నూట పద్ధెనిమిది అంశాలకు చేరింది.

ఆ రోజు ఉదయమే తాపీమేస్త్రి, పరంజా కర్రలకు ఒక నీలం టార్పాలిన్ బరకం కట్టి నా కిటికీకి అడ్డంగా వేలాడదీశాడు. వెలుగుకు జరుగుతున్న అన్యాయానికి అంతకన్నా కంటికి కనబడే సాక్ష్యం ఏముంటుంది? నలభై ఒకటవ అంశంగా దాన్ని నేనే రాయించాను. బల్ల మీది నాలుగు శాసన ప్రతులు, అవి ఏ దిక్కుకు తిరిగి ఉన్నాయి, వాటి పక్కన మూడు వందల పదిహేడవ పుట దగ్గర తెరిచిన పుస్తకం, గోడ మీద జూన్ నెల చూపుతున్న క్యాలెండరు, ఆరి ఉన్న ట్యూబులైటు, పెరట్లో నిమిషానికి పద్నాలుగు చుక్కలు కారుతున్న కుళాయి, బరకం పక్కకు తొలగించి చూస్తే ఎదుటి డాబా మీద కనబడే కుట్టుమిషను, దాని సూది కింద ఎడమ చెయ్యి అతకని ఆకుపచ్చ పట్టు జాకెట్టు, ఇవన్నీ చేరాయి. చివరకు భానుమూర్తి గారు కలం మూతపెట్టి, "గాలి సంగతి రాయమంటారాండీ?" అని అడిగారు. ఆయన వ్యంగ్యం నాకు అప్పుడు అర్థం కాలేదు. ఆగ్నేయం నుంచి వీస్తోందని చెప్పాను. రాసుకున్నారు.

పదిహేను రోజులకు ఉత్తర్వు వచ్చింది.

"ఇంత సమగ్రమైన నివేదికను ఈ న్యాయస్థానము ఇంతవరకు చూచియుండలేదు. కావున సదరు నివేదికయందు పొందుపరచబడిన అంశములన్నింటిని ఉభయ పక్షములవారును, తదుపరి ఉత్తర్వులు వెలువడువరకు, ఎట్టి హెచ్చుతగ్గులును లేకుండ యథాతథముగ కొనసాగించవలయును."

మొదటి వాక్యాన్ని నేను మూడుసార్లు చదువుకున్నాను. నా సిద్ధాంత వ్యాసానికి కూడా ఎవరూ అంతటి ప్రశంస రాయలేదు. విశ్వపతి గారు అభినందించడానికి ఇంటి దాకా వచ్చారు. విజేతకు తగిన నడకతో మేడ ఎక్కి, కిటికీ ఊచల మధ్య నుంచి చెయ్యి చాపి బరకం అంచు పట్టుకున్నాను.

"చెయ్యి తియ్యండి!" అని అరిచారు ప్లీడరు గారు.

తీశాను.

"నలభై ఒకటో అంశం ఏమిటో చెప్పండి."

నాకు కంఠతా వచ్చు. "నీలిరంగు టార్పాలిన్ బరకము, వాది కిటికీని పూర్తిగా కప్పుచు..."

"ఆ 'పూర్తిగా' అన్నమాట ఎవరు రాయించారు?"

"నేనే."

"మరింకేం. అది ఇంచీ జరిగినా ఉల్లంఘన కింద లెక్క. మూడు నెలల వరకూ సివిల్ జైలు. జైల్లో కిటికీలుంటాయి లెండి, కాని తూర్పుకి ఉంటాయని నేను హామీ ఇవ్వలేను."

"పోనీ, ఆ ప్రతులు వీధి వసారాలోకి తెచ్చుకుని..."

"యాభై తొమ్మిది నుంచి అరవై రెండు దాకా ఏ అంశాలు?"

అవే. నాలుగు ప్రతులు, దిక్కులతో సహా. తెరిచిన పుస్తకం పుట తిప్పడానికి కూడా వీలు లేదు. అదే పుస్తకం మరొక ప్రతి తెప్పించుకుని వంటింట్లో చదువుకున్నాను. మొదటి ప్రతి ఇప్పటికీ కోర్టువారి తరఫున మూడు వందల పదిహేడవ పుటే చదువుతోంది.

నెలకొకసారి తనిఖీ చేయడానికి అప్పలాచారి అనే కోర్టు అమీను వచ్చేవారు. ఆయన నెమ్మదిగల మనిషి; నా వంటి మనిషి. అదే నన్ను ఎక్కువగా భయపెట్టింది. మొదటి తనిఖీలో ఆయన పెరటి కుళాయి ముందు గొంతుకు కూర్చుని, చేతి గడియారం చూస్తూ పెదవులు కదిపారు.

"పన్నెండే పడుతున్నాయండి. నివేదికలో పద్నాలుగు."

"నీటి పన్ను కట్టేవాణ్ణి నేనే కదండీ, రెండు చుక్కలు తగ్గితే మంచిదే కదా?"

"మంచి చెడ్డలు ప్రధాన దావాలో తేలతాయండి. మనది మధ్యంతరం." ఆయన జేబులోంచి స్పానరు తీసి కుళాయిని ఓపికగా వదులు చేశారు. పద్నాలుగు పడ్డాక లేచి చొక్కా దులుపుకుని, "గాలి కూడా ఇవాళ నైరుతి నుంచి వస్తోంది. దైవాధీనం అని రాశాను" అన్నారు.

ఉత్తర్వు ఇచ్చిన కోర్టునే సవరించమని అడుగుదామన్నారు విశ్వపతి గారు. అడిగాము. యథాతథాన్ని మార్చమనడం యథాతథాన్ని అతిక్రమించమని కోర్టునే కోరడమని, అట్టి కోర్కె కోరినందుకు మొదటిసారి గనుక మందలించి వదలిపెడుతున్నామని జవాబు వచ్చింది. అయితే పై కోర్టులో అప్పీలు వేద్దామన్నారు. మధ్యంతర ఉత్తర్వుల మీద అన్నిటికీ అప్పీలు ఉండదు, అదృష్టవశాత్తూ మనదానికి ఉందని, ఆ అదృష్టానికి నన్ను మరోసారి అభినందించారు.

పై కోర్టు కార్యాలయంలో సూపరింటెండెంటు గారు మా కాగితాలు అటూ ఇటూ తిప్పారు.

"అప్పీలుదారు ఎవరు?"

"నేనేనండీ."

"కింద గెలిచిందెవరు?"

"నేనేనండీ."

ఆయన కళ్ళజోడు తీసి నన్ను జాలిగా చూశారు. "బాధిత పక్షం మాత్రమే అప్పీలు చేసుకోవాలండి. గెలిచినవారు బాధితులెలా అవుతారు? గెలుపు వల్ల బాధపడుతున్నామని అందరూ వస్తే ఈ బీరువాలు చాలతాయా? ఓడి రండి."

ఓడినవారు సందు అవతల ఉన్నారు. నా గెలుపు మీద అప్పీలు చేయవలసింది ఆవిడ. అలా పదకొండేళ్ళలో మొదటిసారి నేను ఎదురింటి మెట్లెక్కాను.

వీరవేణి గారికి యాభై ఏళ్ళుంటాయి. మెళ్ళో కొలతల టేపు, జాకెట్టు భుజానికి గుచ్చిన నాలుగు గుండుసూదులు. నన్ను చూసి లేచి నిలబడ్డారు.

"మీరాండీ! రండి రండి. కూర్చోండి. ఆ కుర్చీ కాదండోయ్, అది తొంభై రెండో అంశం. ఈ పీట మీద కూర్చోండి."

నేను పీట మీద కూర్చుని, సంగతి వివరించి, ఆ బరకం ఎందుకు కట్టారని అడిగాను.

"ఎందుకేంటండీ? తాపీపని కదా, సిమెంటు తుంపర్లు మీ పుస్తకాల మీద పడిపోతాయని నేనే కట్టించేనండి. సాయంత్రం ఇప్పించేద్దామనుకున్నాను. ఈలోగా మీరు కోర్టువారిని తీసుకొచ్చేశారు."

నేను నేల వైపు చూశాను.

"గోడ ఎంత ఎత్తు వస్తుందండీ?" అని అడిగాను. ఈ ప్రశ్న జూన్‌లో అడగవలసినది.

"గోడేంటండీ బాబూ, అది పిట్టగోడ. ఇంకో నాలుగు వరసలు. కింద గదిలో చీకటండి, సూదిలో దారం ఎక్కట్లేదు. డాబా మీద రేకుల పంచ దింపుకుని మిషను పైకి తెచ్చుకున్నాను, వెలుగుంటుందని. పిట్టగోడ మీకేమన్నా అడ్డమొస్తుందేమో అడుగుదామని రెండుసార్లు మీ తలుపు కొట్టేనండి. మీరు తియ్యలేదు."

జూన్ మొదటివారంలో ఎవరో రెండుసార్లు తలుపు కొట్టిన మాట నిజం. జ్వరం కేసనుకున్నాను.

నాలుగు వరసలు. మనసులోనే లెక్క కట్టాను. ముందు తగ్గిన పదకొండుకు ఇంకో ఆరు నిమిషాలు. పదిహేడు నిమిషాలు మిగుల్చుకోవడానికి రెండున్నర గంటలూ పోగొట్టుకున్నాను. ఆవిడకు కూడా నా వల్ల వెలుగు పోయింది. పంచలోని మిషను ముట్టుకోకూడదు గనుక, వెనక చీకటి గదిలో వాళ్ళ అత్తగారి నాటి చేతిమిషను మీద కుడుతున్నారు.

"మరి ఆ ఆకుపచ్చ జాకెట్టు?" అని గొణిగాను.

"పెళ్ళికూతురి పిన్నిదండీ. ముహూర్తానికి అందలేదు కదా, ఇంకోటేదో తొడుక్కుని వెళ్ళింది. వచ్చి నన్ను నానా మాటలూ అంది. ఎడమ చెయ్యే కదమ్మా, ఎలాగూ పమిట ఆ భుజం మీదే వేస్తావు, ఇలాగే తొడుక్కుపో అందామంటే, తియ్యడానికీ లేదాయె."

రాజీ చేసుకుంటామని మేమిద్దరం కలిసి విశ్వపతి గారి దగ్గరకు వెళ్ళాము. ఆయన తలుపు వేసి రమ్మన్నారు. "ఈ మాట బయట అనకండి. ఉత్తర్వు అమల్లో ఉండగా పరిస్థితి మార్చాలని ఇద్దరూ కూడబలుక్కుంటే దాన్ని రాజీ అనరు, కుట్ర అంటారు. ఆవిడ అప్పీలు వేస్తుంది, మీరు ఓడిపోతారు. శుభ్రమైన మార్గం."

అప్పీలు వేశారు. పై కోర్టు న్యాయమూర్తి గారు అడిగారు, "ప్రత్యర్థికి అభ్యంతరమేమైనా ఉన్నదా?" లేదన్నారు విశ్వపతి గారు. న్యాయమూర్తి గారు కాగితాలు మూసేశారు. "అభ్యంతరము లేనిచోట వివాదము లేదు. వివాదము లేనిచోట ఈ న్యాయస్థానమునకు పని లేదు. ఉభయులు కుమ్మక్కైనట్లు అనుమానము కలుగుచున్నది. రెండు వారములలో అభ్యంతరముతో రండి."

"అంటే మనం దెబ్బలాడుకోవాలన్నమాట" అన్నారు వీరవేణి గారు బస్సులో.

మరునాటి నుంచి వారి వెనక గదిలో అభ్యాసం మొదలైంది.

"ఏదండీ, ఓసారి తిట్టండి నన్ను."

నేను గొంతు సవరించుకున్నాను. "మీ ప్రవర్తన అత్యంత అనుచితంగా ఉన్నది."

"ఇది తిట్టాండీ? శుభలేఖలాగుంది. కాస్త కారం తగలాలి."

"మీరు... ఇరుగుపొరుగు ధర్మాన్ని విస్మరించిన ఇల్లాలు."

"అయ్యబాబోయ్, ఇంకా నయం, సన్మానపత్రం చదవలేదు. ఇలాక్కాదండీ, నన్ను చూడండి." ఆవిడ కొలతల టేపు నడుముకు బిగించి, చెయ్యి చాపి, "నీ పుస్తకాలకి చెదలు పట్టిపోనూ!" అన్నారు.

అభ్యాసమని తెలిసి కూడా నా గుండె కలుక్కుమంది. మొహం పాలిపోయిందట. ఆవిడ గబగబా టేపు విప్పేసి, "ఊరికే అన్నానండీ, ఊరికే. ఆ మాట వెనక్కి తీసేసుకుంటున్నాను, మీరేమీ మనసులో పెట్టుకోకండి" అని మజ్జిగ తెచ్చి ఇచ్చారు. ఆ సాయంత్రం ఆవిడ నా ఇంటికి వచ్చి, చెదల మందు ఏ బీరువాలకు వేశానో ఏ బీరువాలకు వేయలేదో చూసి వెళ్ళారు. నాకు నోటి తగాదా రాదని తేలిపోయింది. "మీరు రాతలో పెట్టుకోండి, తిట్లు నేను చూసుకుంటాను" అని తీర్పు చెప్పారు.

రాత నాకు వచ్చు. వచ్చినందువల్లనే ఈ కథ ఇక్కడితో ఆగలేదు.

ఓడిపోవడానికి సరిపడా ఒక పేజీ అభ్యంతరం చాలని విశ్వపతి గారు అన్నారు. నేను కూడా ఒక పేజీకే కూర్చున్నాను. కానీ రెండో వాక్యంలో ఒక వాదన బలహీనంగా కనబడింది. బలహీనమైన వాదనను సవరించకుండా వదిలిన అలవాటు నాకు లేదు. సవరించాను. సవరించాక మూడో వాక్యం దానికి తగినట్లు లేదు. పన్నెండు రోజుల తరువాత నా అభ్యంతరం ముప్పై ఒక్క పుటలు, ఎనభై నాలుగు అధోజ్ఞాపికలు. యథాతథ స్థితి అనే భావన గురించి అందులో ఒక ప్రత్యేక అధ్యాయం ఉంది. చివరి పుట రాస్తున్నప్పుడు, పాపభీతితో చెబుతున్నాను, వీరవేణి గారు ఓడిపోవడమే న్యాయమని నాకే అనిపించింది.

విచారణ రోజున ఆవిడ తన మాట నిలబెట్టుకున్నారు. కోర్టు వరండాలో నన్ను తిట్టిన తిట్లకు ఇద్దరు జవాన్లు అడ్డు వచ్చారు. కుమ్మక్కు అనుమానం పూర్తిగా తొలగిపోయింది. న్యాయమూర్తి గారు నా ముప్పై ఒక్క పుటలూ చదివారు. ఎవరైనా నా రాతను మొదటి నుంచి చివరి దాకా చదవడం అదే మొదలు. ఆయన కళ్ళజోడు సర్దుకుని ఉత్తర్వు చెప్పారు.

"ప్రత్యర్థి లేవనెత్తిన అభ్యంతరములు మిక్కిలి బలవత్తరములు. వీటికి సమాధానము ఈ న్యాయస్థానమునకు తోచుట లేదు. అప్పీలు కొట్టివేయడమైనది. నూట పద్ధెనిమిది అంశములును యథాతథము."

అలా రెండోసారి గెలిచాను.

బస్సు స్టాండులో వీరవేణి గారు సోడా తాగుతూ, "ఒక్క పేజీ అన్నారు కదండీ" అన్నారు. అంతకు మించి ఆవిడ నన్ను ఏమీ అనలేదు. వరండాలో అన్నవన్నీ అభ్యాసానివి. ఇది ఒక్కటే తగిలింది.

అప్పీలు ఉత్తర్వు మీద మరో అప్పీలు ఉండదని, కావలసివస్తే హైకోర్టు పర్యవేక్షణాధికారాన్ని ఆశ్రయించవచ్చని విశ్వపతి గారు ఉత్సాహంగా చెప్పారు. నేను చేతులు జోడించాను. మూడోసారి గెలిచే ఓపిక నాకు లేదు.

నవంబరులో తుఫాను వచ్చింది. రెండు రోజులు గాలి. మూడో రోజు తెల్లవారి నేను కాఫీ గ్లాసుతో గదిలోకి వెళ్ళి గడపలోనే నిలబడిపోయాను. బరకానికి జానెడు చిరుగు పడింది. దానిలోంచి ఒక ఎండపట్టె ఏటవాలుగా దిగి సరిగ్గా రెండో శాసన ప్రతి మీద పడుతోంది. గ్లాసు కింద పెట్టి, ఏ అంశాన్నీ తాకకుండా, చేతులు వెనక్కి కట్టుకుని వంగి చూశాను. తొమ్మిదవ పంక్తి. అయిదు నెలల తరువాత ఒక అక్షరం పక్కన నీడ లేచింది. దైవాధీనం అని అప్పలాచారి గారు గాలికి రాసిన మాట గుర్తుకొచ్చి, ఆయన మీద మొదటిసారి ప్రేమ కలిగింది.

తొమ్మిది ఉదయాలు చదివాను. ఎండపట్టె జరుగుతూ ఉంటే దాని వెంట నేను జరిగాను. గుడిలో దీపం ఆరకుండా వెలగడానికి యాభై గొర్రెలిచ్చిన దానశాసనం అది. ఇచ్చింది ఎవరో ఒక స్త్రీ. సూర్యచంద్రులున్నంత కాలం ఆ దీపం వెలగాలని రాయించింది. పదో ఉదయం అప్పలాచారి గారు వచ్చారు.

ఆయన చిరుగును కొలిచారు. తల అడ్డంగా ఊపారు.

"నివేదికలో 'పూర్తిగా కప్పుచు' అని ఉందండి. ఇప్పుడు పూర్తిగా లేదు."

"తుఫాను కదండీ. దైవాధీనం."

"చిరగడం దైవాధీనమేనండి. చిరిగి ఉండడం మనాధీనం." ఆయన అక్కడే కూర్చుని నోటీసు రాశారు. "పరంజా ప్రతివాదిది గనుక, సదరు చిరుగును ప్రతివాది అదే రంగు, అదే జాతి గుడ్డతో మాసిక వేయించి, పూర్వమువలె కప్పియుంచవలెను. రెండు రోజులలో."

ఆ నోటీసు నేనే ఎదురింటికి తీసుకువెళ్ళాను. ఆవిడకు చదివి వినిపించాను. పదో పంక్తి సగం అయిందని, ఇంకా అయిదు పంక్తులున్నాయని, దానం ఇచ్చినామె పేరు చివరన ఉంటుందని కూడా చెప్పాను. ఆవిడ నోటీసు తీసుకుని, మళ్ళీ ఒకసారి అడిగారు.

"మాసిక వెయ్యాలి. పూర్తిగా కప్పాలి. ఇంతేనా అండీ? ఇంకేమన్నా ఉందా అందులో?"

"ఇంతే."

"మీరు రాయించలేదు కదా దీన్ని?"

"లేదండీ. అప్పలాచారి గారే రాశారు."

"హమ్మయ్య. అయితే పొట్టిగానే ఉంటుంది" అని ఆవిడ లేచారు.

సాయంత్రం పరంజా మీద నిలబడి ఆవిడ మాసిక వేయడం నేను లోపలి నుంచి చూశాను. ఎండపట్టె సన్నబడి, సన్నబడి ఆరిపోయింది. మరునాడు అప్పలాచారి గారు లోపలి నుంచి పరీక్షించి, బయట నుంచి పరీక్షించి, తృప్తిగా తల ఊపి, "యథాపూర్వం కప్పబడినది" అని రాసుకుని వెళ్ళారు.

ఆ తరువాతి ఉదయం ఆరున్నరకు కిటికీ అవతల ఏదో చప్పుడైంది. టక్, టక్, టక్.

"డాక్టరు గారండీ! తెల్లారిందండీ!"

బరకంలో జానెడు తలుపు తెరుచుకుంది. దానిలోంచి ఎండ, ఎండ వెనక వీరవేణి గారి ముఖం. మాసికను ఆవిడ పైఅంచు మాత్రమే కుట్టారు. మిగిలిన మూడు వైపులా ఇత్తడి ప్రెస్ గుండీలు పెట్టారు.

"గుండీలు పెట్టకూడదని నోటీసులో లేదు కదండీ" అన్నారు. "అమీను గారు పదిన్నరకి ముందు ఎక్కడికీ కదలరు. తొమ్మిదింటికి వచ్చి మూసేస్తాను. చదూకోండి."

గుండీలు బయటి వైపున ఉన్నాయి. లోపలి నుంచి నాకు అందవు. అందేటట్టు పెడితే తొందరపాటులో నేనేదైనా సవరిస్తానని ఆవిడ భయం.

నవంబరు నుంచి ఇదే ఏర్పాటు. ఆవిడ వచ్చి గుండీలు విప్పుతారు. కనబడినంత చదువుతాను. ఆవిడ వచ్చి గుండీలు పెడతారు. సూర్యుడు జరిగినకొద్దీ ఎండపట్టె కూడా జరుగుతుంది కనుక కొన్ని రోజులు ఒక అక్షరం, కొన్ని రోజులు అదీ లేదు. నా తలుపు గడియ ఇప్పుడు పగలంతా తీసే ఉంటుంది; గడియ గురించి నివేదికలో రాయించడం అప్పట్లో నాకు తట్టలేదు. సాయంత్రాలు ఆవిడ మా వసారాలో, వెలుగున్నంతసేపు, చేతిమిషను తెచ్చుకుని కుడతారు. ఆ పక్కన కూర్చుని సూదిలో దారం నేను ఎక్కిస్తాను. ప్రధాన దావా వాయిదా ఏప్రిల్లో ఉంది. ఎవరు గెలవాలో మేమింకా అనుకోలేదు. ఈసారి కాగితాల జోలికి మాత్రం నన్ను పోవద్దన్నారు.

మూడు రోజులుగా బరకం మూసే ఉంది. వీరవేణి గారు వాళ్ళ చెల్లెలి మనవరాలి అన్నప్రాశనకు వెళ్ళారు. అందుకే ఈ కొవ్వొత్తి. శాసనంలో పద్నాలుగో పంక్తి పూర్తయింది. దీపం పెట్టించినామె పేరు పదిహేనో పంక్తిలో మొదలవుతుంది. మొదటి అక్షరం వరకు కనబడింది, తక్కినది నీడలో ఉంది. కొవ్వొత్తి పట్టుకుని చూశాను. తెల్ల కాగితమే.

మంగళవారం ఉదయం చదువుతాను. ఆవిడ సోమవారం సాయంత్రం బస్సుకు వచ్చేస్తానన్నారు.